అడుగు మాడిందని చెప్పినందుకు

ఫిబ్రవరి 9, ఆదివారం

ఈ రోజు మధ్యాహ్నం రెండుంపావుకి నా భార్య ధనలక్ష్మి నాతో ఇంటికి రానని చెప్పింది. స్థలం భీమునిపట్నం, ఆవిడ అన్నయ్య తాతబాబు ఇంటి మేడ. కారణం బిర్యానీ.

వివరాలు. మేడ కొత్తగా వేశారు. నిన్న గృహప్రవేశం, వ్రతం, సాంబారు. ఈ రోజు నీసు భోజనం. వంటవాళ్ళు వద్దు, మటన్ బిర్యానీ నానే సేస్తానని బావ నెల నుంచి అందరికీ చెబుతున్నాడు. స్టీల్ ప్లాంటు కోక్ ఓవెన్లలో పనిచేసి రిటైరైన మనిషి. మంట గురించి తనకెవరూ చెప్పక్కర్లేదంటాడు. ఎవరూ చెప్పలేదు కూడా. అదే జరిగింది.

మావైపు ఒక ఆనవాయితీ ఉంది. వండినవాడు భోజనాల వరసలో తిరుగుతూ ఒక్కో ఆకు దగ్గర ఆగి, ఎలా ఉందని అడుగుతాడు. జవాబు ఒకటే ఉంటుంది. బావ నా దగ్గర ఆగాడు.

“ఏటి బావా, ఎలాగుంది?”

“అడుగు మాడింది. పైన బియ్యం ఉడకలేదు,” అన్నాను.

రెండూ నిజాలే. రెండింటికీ ఆధారం నా ఆకులోనే ఉంది. అడిగాడు, చెప్పాను.

ఇంతవరకూ గొడవ లేదు. గొడవ జగ్గారావు నవ్వుతో మొదలైంది. కోక్ ఓవెన్లలో బావతో కలిసి పనిచేసినవాడు, నా ఎదుటి వరసలో ఉన్నాడు. “అంతంత ఓవెన్లు కాసినోడివి, డేగిసా మాడ్సీసినావేటి తాతబాబూ!” అన్నాడు. వరస వరసంతా నవ్వింది. బావ చేతిలో గరిటె ఉంది. దాన్ని నా ఆకులో పెట్టి కిందికి దిగిపోయాడు.

ధనలక్ష్మి వచ్చి ఆ గరిటె తీసింది. “మీరెల్లండి. నాను రాను,” అంది. గొంతు పెంచలేదు. కోపంగా అందని రాయబోయాను. కోపం నేను చూడలేదు. మాట విన్నాను, అంతే.

స్కూటర్ మీద సీతమ్మధారలో మా ఇంటికి ఒక్కణ్ణే వచ్చాను, ఆవిడ హెల్మెట్ మోచేతికి తగిలించుకుని. ఋషికొండ దగ్గర కానిస్టేబుల్ ఆపి, ఈ రెండో హెల్మెట్ మనిషేరీ అని అడిగాడు. ప్రెస్ అన్నాను. పొమ్మన్నాడు.

ఫిబ్రవరి 10

ఫోన్ చేశాను. ఎత్తలేదు. వార్త కాదు. రాత్రి బాగా నిద్రపట్టింది. మంచం మొత్తం నాదే.

ఫిబ్రవరి 11

సవరణ: మొన్న రాత్రి నిద్ర నిన్న రాసినంత బాగా పట్టలేదు.

ఆఫీసు నుంచి నూకాలక్కకి ఫోన్ చేశాను. అక్క అంటే బావ భార్య. ఆ ఇంట్లో ఫోన్ ఎత్తే మనిషి ఆవిడొక్కర్తే.

“తమ్ముడూ, నీకు రోజూ వంద మంది అబద్దాలు సెప్తారు గదా. నువ్వొక్కటి సెప్పలేకపోయావేటి?”

“అక్కా, ఎలా ఉందని అడిగాడు…”

“బాగుందని సెప్పమని అడిగినాడు. ఆమాత్రం తెలీదేటి? కోక్ ఓవెన్లోళ్ళు అందరూ ఉన్నారక్కడ. రెండ్రోజుల్నుంచి మా ఆయన మేడెక్కలేదు. కొత్త మేడ!”

ఇంతలో ఫోన్ బావ లాక్కున్నాడు.

“బావా, నీ పేపరు బాస నా దగ్గరొద్దు. ఇరవై మూడు ఆదోరం సాయంత్రం మేం ముగ్గురం మీ ఇంటికొస్తాం. బిర్యానీ నువ్వొండాల. నీ పొయ్యి మీద, నీ సేత్తో. ఓటల్నించి తెచ్చినావా, గిన్నితో సహా మీ అపార్టుమెంటు మీంచి కిందకి ఇసిరేస్తాను.”

“వండితే?”

“తింటాను. తిని, ఎలాగుందో నానూ సెప్తాను. నువ్వు సెప్పినట్టే సెప్తాను.”

“ధనలక్ష్మి?”

“దాన్నే అడుగు.”

ఫోన్ మళ్ళీ అక్క చేతికి వెళ్ళింది. వెనక ఎవరో ఏదో అన్నారు. అక్క నాకు అందించింది: “వస్తాదట. తిన్నాక ఉండిపోతాదో, మాతో తిరిగొచ్చేస్తాదో అప్పుడు సెప్తాదట. నువ్వు బాగా ఒండాలని కాదట. అన్నని కూకోబెట్టి మనిషిలాగా పెడతావో లేదో సూస్తాదట.”

నాకు వచ్చిన వంటలు రెండు. టీ, కోడిగుడ్డు. కోడిగుడ్డు మీద భిన్నాభిప్రాయాలున్నాయి.

ఫిబ్రవరి 12

ఫోటోగ్రాఫర్ నజీర్ అహ్మద్‌కి చెప్పాను. మా ఆఫీసులో నా ఈడువాడు, వన్‌టౌన్ మనిషి. ప్రతి పండక్కీ వాళ్ళింటి బిర్యానీ తింటాను కాబట్టి ఇతను నిపుణుడని అనుకున్నాను.

“అరే గురూ, నేను తినడంలో ఎక్స్‌పర్ట్‌ని. వండటం షరీఫున్నీసా డిపార్ట్‌మెంటు. నాకు వంటింట్లో లైటు స్విచ్ ఎక్కడుందో కూడా తెలీదు,” అన్నాడు. భార్యకి ఫోన్ కలిపి ఇచ్చాడు.

ఆవిడ ఓపిగ్గా చెప్పారు. బియ్యం ఎంత? అందాజుగా. ఉప్పు? అందాజుగా. మంట ఎంతసేపు? వాసన చూసి, అందాజుగా. అందాజుని ఆధారం చేసుకుని నేను ఇంతవరకు ఒక్క వార్త రాయలేదు. కొలతలు రాసిపెట్టి ఉన్నదేమైనా దొరుకుతుందా అని అడిగాను.

ఆవిడ గొంతు తగ్గించారు. “పెట్టె బిర్యానీ దొరుకుతుంది భాయ్‌సాబ్. కొనుక్కోండి. నేను చెప్పానని మాత్రం ఎవరికీ చెప్పకండి,” అన్నారు.

సమాచారం ఇచ్చినవాళ్ళ పేర్లు బయటపెట్టే అలవాటు నాకు లేదు. ఈ డైరీ మినహాయింపు.

బావ షరతు మళ్ళీ గుర్తు చేసుకున్నాను. హోటల్ కూడదన్నాడు. పొయ్యి నాది కావాలి, చెయ్యి నాది కావాలి అన్నాడు. పెట్టె గురించి ఒక్క మాట అనలేదు.

ద్వారకా నగర్ సూపర్ మార్కెట్లో కొన్నాను. పెట్టెలో బియ్యం సంచి, మసాలా పొట్లం, వేయించిన ఉల్లిపాయల పొట్లం, పైన చల్లడానికి పసుపురంగు సెంటు నీళ్ళు ఉన్నాయి. మాంసం మనమే తెచ్చుకోవాలి. మంత్రి పర్యటన ప్రెస్ నోట్‌లో కూడా నేను ఇన్ని విశేషణాలు చూడలేదు. రాజసం ఉందట, వారసత్వం ఉందట, అమ్మ చేతి ప్రేమ కూడా అందులోనే ఉందట. నలుగురికి సరిపోతుందట. ఆ నలుగురిలో మా బావ ఉంటే సరిపోదు. ఆ రోజుకి రెండు, ముందుగా వండి చూసుకోడానికి ఇంకొకటి తీసుకున్నాను.

ఫిబ్రవరి 13

వండే విధానం పెట్టె వెనక ఇంగ్లీషులో ఉంది. అక్షరాలకి భూతద్దం కావాలి. ప్రెస్ నోట్‌ని వార్త చేసినట్టే దీన్నీ చేశాను. ముఖ్యమైనది ముందు పెట్టాను. విశేషణాలు తీసేశాను. చోటు చాలకపోతే కింది నుంచి కోశాను. కింది పేరాలో ఉండేది ఎప్పుడూ ఒకటే: ఈ కార్యక్రమంలో ఫలానా, ఫలానా తదితరులు పాల్గొన్నారు. ఉద్యోగంలో చేరినప్పటి నుంచి కోస్తున్నాను. ఎవరూ చచ్చిపోలేదు.

ఒక పేజీలోకి వచ్చింది. ఫ్రిజ్ తలుపుకి అంటించాను. ధనలక్ష్మి పెట్టిన సింహాద్రి అప్పన్న బొమ్మ అక్కడుంది. దాన్ని కొంచెం పక్కకి జరిపాను.

ఫిబ్రవరి 14

ప్రేమికుల రోజు. బీచ్ రోడ్డులో పోలీసు బందోబస్తు. నజీర్ మంచి ఫోటో తీశాడు. ఇంట్లో పెరుగన్నం.

ఫిబ్రవరి 16, ఆదివారం

రిహార్సల్ విఫలం. తిన్నవారు ఇద్దరు. ఇద్దరికీ దాహం.

పొద్దున్నే మటన్ కొట్టు దగ్గర నిలబడ్డాను. నా ముందు సీతమ్మధార సగం ఉంది. నా వంతు వచ్చేసరికి కొట్టువాడు కత్తి ఎత్తి, “బిర్యానీకా, కూరకా? తొడా, సీనా?” అని అడిగాడు. నేను అధికారులని అడిగే పద్ధతిలోనే అడిగాడు. ఆలోచించుకునే టైమివ్వలేదు. బిర్యానీకి అని ఒప్పుకున్నాను. మిగతా విషయాల్లో ఆయన విచక్షణకే వదిలేశాను. వెనక ఒకావిడ, “పాపం, ఇంట్లో వాళ్ళు ఊరెళ్ళినట్టున్నారు,” అంది. ధ్రువీకరించలేదు, ఖండించలేదు.

ఫ్రిజ్ మీది కాగితం ప్రకారం వండాను. కాగితంలో ఉప్పు లేదు. ఉప్పు లేని వంట ఉండదు, అది లోకజ్ఞానం. కాబట్టి వేశాను. మధ్యాహ్నం రుచి చూడటానికి నజీర్‌ని పిలిచాను.

మొదటి ముద్ద నోట్లో పెట్టుకుని నజీర్ నా వైపు చూశాడు. మింగలేదు. ఉమ్మలేదు. స్నేహితుడు.

“గురూ, మటన్ కొట్టులో కొన్నావా, ఔటర్ హార్బర్‌లో నానబెట్టావా?”

“ఉప్పు ఎక్కువైందా?”

“ఉప్పు కాదిది, సముద్రం. ఓడలు తిరగొచ్చు.”

నీళ్ళు తాగి పెట్టె వెతికాడు. చెత్తబుట్టలోంచి తీసి, కళ్ళద్దాలు నుదుటి మీదికి నెట్టి, వెనక చదివాడు. అన్నిటికన్నా కింద, చివరి పేరాలో ఉంది. మసాలాలో ఉప్పు కలిపే ఉంది, విడిగా వేయకూడదు. బియ్యం అరగంట నానబెట్టిన తర్వాతే ఉడికించి వార్చాలి. దమ్ మీద ఉన్నప్పుడు మూత తీయకూడదు.

నేను కోసిన పేరా అది. మూత మూడుసార్లు తీశాను కూడా.

“కింది నుంచి కోసేశావా? నా ఫోటో కింద పేరు కూడా ఇలాగే కోస్తావు. ఇప్పుడు అర్థమైందా నా బాధ?” అన్నాడు.

మిగిలింది కింద కుక్కలకి పెట్టబోయాం. వాచ్‌మన్ ఒప్పుకోలేదు. అవి మనవే సార్ అన్నాడు.

ఫిబ్రవరి 17

దాహం.

ఫిబ్రవరి 19

ధనలక్ష్మి ఫోన్ చేసింది.

“గ్యాస్ బుక్ సేసారా?”

“చేశాను.”

“సరే.”

ఫోన్ పెట్టేసింది. ఆ ప్రశ్నలో ఆదరణ కనిపించలేదు. కోపం కూడా కనిపించలేదు. ఇంటి గ్యాస్ ఎన్నాళ్ళొస్తుందో ఆవిడకి తెలుసు, నాకు తెలీదు. ఆ ప్రశ్నకి అంతకుమించి అర్థం లేదు. రెండుసార్లు ఆలోచించాను. లేదు.

ఫోన్ పెట్టేశాక బుక్ చేశాను.

ఫిబ్రవరి 20

గ్యాస్ ఏజెన్సీ నుంచి మెసేజ్: సోమవారం, 24న వస్తుంది. సిలిండర్ కొంచెం ఎత్తి చూశాను. ఊపి చూశాను. ఉందనే అనుకుంటున్నాను. ఈ వాక్యం ఎవరైనా వార్తలో రాస్తే ఒప్పుకునేవాణ్ణి కాదు.

ఫిబ్రవరి 22

ధనలక్ష్మి ఉండిపోతుందా, వెళ్ళిపోతుందా అన్నది ఆవిడ ఇష్టం. నాకు రెండూ ఒకటే. తలగడ గలీబులు మార్చాను. ఆవిడవైపుది కూడా. అప్పన్న బొమ్మని ఫ్రిజ్ మీద మళ్ళీ మధ్యకి జరిపాను.

పెట్టె వెనక ఉన్నదంతా ఈసారి కింది నుంచి పైకి చదివాను.

ఫిబ్రవరి 23, ఆదివారం

ఏడున్నరకి గ్యాస్ అయిపోయింది. బిర్యానీ అప్పటికి దమ్ మీద ఉంది.

ముగ్గురూ ఆర్టీసీ కాంప్లెక్స్‌లో బస్సు దిగి, ఆరింటికి ఆటోలో వచ్చారు. ధనలక్ష్మి చేతిలో బట్టల సంచి. దాన్ని గుమ్మం పక్కనే పెట్టింది, లోపలికి తీసుకెళ్ళలేదు. ఆ సంచి పడకగదిలోకి వెళుతుందా, తిరిగి ఆటో ఎక్కుతుందా అన్నదే ఈ రోజు వార్త. మిగతాదంతా నేపథ్యం.

బావ తిన్నగా వంటింటి గుమ్మం దగ్గరికి వచ్చాడు. లోపల కాలు పెట్టలేదు.

“ఇయ్యేటి బావా? సెప్పుల డబ్బాలా?”

“బిర్యానీ.”

“డబ్బాలోదా!”

“హోటల్ నుంచి వద్దన్నావు. డబ్బాలోంచి వద్దనలేదు.”

బావ నూకాలక్క వైపు తిరిగాడు. “సూసినావా? పేపరోడికి షరతు పెట్టాలంటే పక్కన లాయరుండాల.”

“ఒండనియ్యి. ఆకలేస్తంది,” అంది అక్క.

బియ్యం నానబెట్టాను. ఉప్పు డబ్బా ఎత్తుగా ఉన్న అలమారలో పెట్టేశాను, చెయ్యి దానంతటదే వెళ్ళకుండా. పొద్దున్నే మసాలా పట్టించిన ముక్కల్ని ఉడకబెట్టాను. సగం ఉడికిన బియ్యం వార్చి పైన పరిచాను. ఉల్లిపాయలు, పసుపు నీళ్ళు చల్లాను. గోధుమపిండి ముద్దతో మూత చుట్టూ మూసేశాను. ధనలక్ష్మి హాల్లో కూర్చుని నన్ను చూడనట్టు చూస్తోంది. దమ్‌కి మంట తగ్గించమని కాగితంలో ఉంది. నేను కొంచెం ఆలస్యంగా తగ్గించాను.

బావ వంటింటికి వీపు పెట్టి టీవీ చూస్తున్నాడు. ఉన్నట్టుండి, “బావా, మంట సచ్చిపోయింది,” అన్నాడు.

వెళ్ళి చూశాను. చచ్చిపోయింది. టీవీ శబ్దంలో, అటు తిరిగి కూర్చుని, ఎలా తెలిసిందో నేను అడగలేదు.

“ఎదురింటోళ్ళ పొయ్యి మీద పెడదామా?” అంది అక్క.

“ఎదురింటి పొయ్యి నా పొయ్యి కాదు. షరతు,” అన్నాను. మూత మీద చెయ్యి పెట్టాను, ఎంతవరకు వచ్చిందో చూద్దామని.

“నాను ముట్టుకోను, సెప్పను. షరతు నాదే,” అన్నాడు బావ టీవీ వైపే చూస్తూ. “గాని నానైతే మూత తియ్యను. ఓవెన్ తలుపు మద్దిలో తీసినోణ్ణి మా ఫోర్‌మన్ తన్నేవాడు. నీ ఇష్టం.”

తీయలేదు. చివరి పేరాలో కూడా అదే ఉంది. ఆధారాలు రెండయ్యాయి.

అప్పుడు ధనలక్ష్మి మాట్లాడింది.

“గ్యాస్ బుక్ సేసానన్నారు?”

“చేశాను.”

“ఎప్పుడు?”

“నువ్వు అడిగాక.”

“నానడిగినప్పుడే సేసానన్నారు గదా.”

“అన్నాను.”

ధనలక్ష్మి అన్న వైపు తిరిగింది. “అన్నియ్యా, ఈయన అబద్దం ఆడినారు.”

“ఎవులు? మా బావే?” బావ టీవీ కట్టేశాడు. “ఎప్పుడాడినాడు?”

“బుధారం. ఫోన్లో. తడుముకోకుండా ఆడినారు.”

“అబ్బో,” అంది అక్క. “బాగుపడతన్నాడు.”

ధనలక్ష్మి నవ్వలేదు. “గ్యాస్ బండ కోసం ఆడినారు,” అంది నాతో. “మా అన్నియ్య కోసం ఆడలేకపోయారు.”

పొయ్యి నాబ్ కట్టేశాను.

అరగంట అలాగే వదిలేశాం. తర్వాత పిండి కొట్టి మూత తీశాను. వాసన వచ్చింది. పెట్టె మీది విశేషణాల్లో ఒకటి నిజమయ్యే అవకాశం ఉంది. బావని పీట మీద కాదు, డైనింగ్ టేబుల్ దగ్గర నా కుర్చీలో కూర్చోబెట్టాను. అరిటాకు వేశాను. నీళ్ళు పోశాను. వడ్డించాను.

పై పొరలో అన్నం పలుకు మీద ఉంది. గరిటె అడుక్కి వెళితే నల్లగా పైకి వచ్చింది. అంటే ఇది ఫిబ్రవరి 9 నాటి వార్తే. ఊరి పేరు మారింది, అంతే.

బావ తింటున్నాడు.

“అడగాల తమ్ముడూ,” అంది నూకాలక్క. “ఒండినోడు అడక్కపోతే ఎలాగ?”

పోలీసు కాల్పుల గురించి కమిషనర్ని అడిగాను. పోర్టు చైర్మన్‌ని టెండర్ల గురించి అడిగాను. ఈ ప్రశ్న వేయడానికి గ్లాసుడు నీళ్ళు తాగాల్సి వచ్చింది.

“ఎలా ఉంది బావా?”

బావ ఆకులోంచి ఒక మెతుకు తీశాడు. రెండు వేళ్ళ మధ్య నొక్కాడు. అది నలగలేదు. ఆయన చూశాడు. నేను చూశాను. నేను చూడటం ఆయనా చూశాడు. పక్కన నల్లటి పెచ్చు కూడా ఉంది. ఆయన ఇన్నాళ్ళూ ఎదురుచూసిన రెండు వాక్యాలూ ఆ ఆకులోనే ఉన్నాయి, నేను రాసిపెట్టినంత స్పష్టంగా.

మెతుకు నోట్లో వేసుకున్నాడు.

“ఉప్పు సరిపోయింది,” అన్నాడు.

నిజం. ఆకులో ఉన్న నిజాల్లోంచి ఆ ఒక్కదాన్ని ఏరాడు. నేను జీతం తీసుకుని రోజూ చేసే పని అది. ఆయన ఊరికే చేశాడు.

“ఇంకొంచెం వెయ్యి బావా. ముక్కలున్న కాడ,” అన్నాడు.

ధనలక్ష్మి బాగుందనలేదు, బాగోలేదనలేదు. రెండోసారి పెట్టించుకుంది. మూడోసారి, అడుగు గీకి వెయ్యమంది.

తొమ్మిదింటికి బావా అక్కా లేచారు. సంచి గుమ్మం దగ్గరే ఉంది. బావ చెప్పులేసుకుని, సంచి వైపు చూసి, చెల్లెలి వైపు చూశాడు. నేను సంచి వైపు చూడలేదు.

ధనలక్ష్మి వంటింట్లోకి చూసింది.

“ఆ గిన్ని ఎవులు తోముతారు?”

“నేనే,” అన్నాను.

“మాడిపోయింది. పీచుతో పోదు. రాత్రి నానబెట్టాల.”

“నానబెడతాను.”

“మీకు తెలీదు,” అంది. సంచి తీసుకుని పడకగదిలోకి వెళ్ళింది.

వార్త.

లిఫ్ట్ దగ్గర బావ నా భుజం మీద చెయ్యి వేశాడు. “వచ్చే ఆదోరం మా ఇంటికాడ. నానే ఒండుతాను. డబ్బా కాదు. జగ్గారావుని కూడా పిలుస్తన్నాను,” అన్నాడు. లిఫ్ట్ తలుపు మూసుకునేదాకా నా మొహమే చూశాడు.

గిన్నె నానుతోంది. రేపు గ్యాస్ వస్తుంది. మార్చి 2, ఆదివారం, మధ్యాహ్నం ఒంటిగంటకి భీమునిపట్నంలో బావ ఇంటి మేడ మీద భోజనం. స్కూటర్ మీద వెళతాం, రెండు హెల్మెట్లతో. జగ్గారావు నా ఎదుటి వరసలో కూర్చుంటాడు. బావ గరిటె పట్టుకుని మొదట నా దగ్గరే ఆగి, ఎలా ఉందని అడుగుతాడు.